ఆరు దగ్గర ఆగిపోయిన అంకె

అమెరికన్ ఫుట్‌బాల్ రికార్డుల పట్టికలో ఒక పేరు 91 ఏళ్లు ఒంటరిగా నిలబడింది. ఒకే మ్యాచ్‌లో బంతి చంకన పెట్టుకుని పరుగెత్తి ఎక్కువ టచ్‌డౌన్లు చేసిన ఎన్ఎఫ్ఎల్ (అక్కడి వృత్తి లీగ్) ఆటగాడు ఎవరంటే ఎర్నీ నెవర్స్, అంకె ఆరు. ఆ రోజు 1929 నవంబర్ 28, థాంక్స్‌గివింగ్ పండుగ. వేదిక షికాగోలోని కొమిస్కీ పార్క్. ఊరి ప్రత్యర్థి షికాగో బేర్స్‌ను షికాగో కార్డినల్స్ 40-6తో చిత్తు చేసింది. ఆ నలభై పాయింట్లూ నెవర్స్ ఒక్కడివే.

ఆ తరువాత ఆటగాళ్లు బలిష్ఠులయ్యారు, వేగం పెరిగింది, ఏడాదికి ఆడే మ్యాచ్‌లు పెరిగాయి. అయినా ఆరు ఆరుగానే ఉండిపోయింది. 2020లో ఒకరు దాన్ని అందుకున్నారు, దాటలేదు. ఎందుకు? నన్ను వదలకుండా పట్టుకున్న ప్రశ్న ఇదే.

ఆట తెలియనివారి కోసం రెండు మాటలు. మైదానం పొడవు 100 గజాలు. బంతి చేతిలో ఉన్న జట్టుకు నాలుగు అవకాశాలు, వాటిలో పది గజాలు ముందుకు వెళ్తే మళ్లీ నాలుగు. అలా సాగి ప్రత్యర్థి గోల్ గీత దాటితే టచ్‌డౌన్, ఆరు పాయింట్లు. దాని వెంట బంతిని స్తంభాల మధ్య నుంచి తన్నితే ఇంకో పాయింటు. ఫీల్డ్ గోల్‌కు మూడు. గీత దాటడానికి రెండు దారులు: విసిరిన బంతిని అందుకోవడం, లేదా బంతితో పరుగెత్తడం. మన లెక్క రెండో దానిది.

ముందు తేల్చాల్సింది, అవి నిజంగా ఆరేనా అని. ఎన్ఎఫ్ఎల్ అధికారికంగా గణాంకాలు రాయడం మొదలుపెట్టింది 1932లో. నెవర్స్ ఆడింది అంతకు మూడేళ్ల ముందు. స్కోరు చూసి లెక్క కడదామంటే, ఆరు టచ్‌డౌన్లకు 36, నాలుగు అదనపు పాయింట్లు కలిపితే 40. సరిపోయింది. కానీ అయిదు టచ్‌డౌన్లు, రెండు ఫీల్డ్ గోల్స్, నాలుగు అదనపు పాయింట్లు వేసుకున్నా 40 వస్తుంది. నెవర్స్ జట్టుకు తన్నేవాడు కూడా కాబట్టి రెండో లెక్కనూ కొట్టిపారేయలేం. అంటే స్కోరు ఒక్కటే సాక్ష్యం కాదు. సాక్ష్యం ఆనాటి పత్రికల్లో ఉంది. మైదానంలో కూర్చున్న విలేకరులు ఏ టచ్‌డౌన్ ఎలా వచ్చిందో రాసి పెట్టారు. అన్నీ పరుగులే, ఎక్కువ భాగం గోల్ గీతకు దగ్గర నుంచి. ఆ దగ్గరితనాన్ని గుర్తుంచుకోండి, కథంతా దాని మీదే నడుస్తుంది.

ఇక నిబంధనలు. ఆ రోజుల్లో బంతి విసిరేవాడు, ప్రతి ఎత్తూ మొదలయ్యే గీటుకు కనీసం అయిదు గజాలు వెనక నిలబడి విసరాలి. 1933లో గానీ ఆ కట్టడి తొలగలేదు. బంతి కూడా ఇప్పటికన్నా బొద్దుగా ఉండేది, వేళ్లకు ఇమిడేది కాదు. గోల్ గీత ముందు రెండు గజాల దూరంలో ఉన్న జట్టు వెనక్కి జరిగి బంతి విసరడం కన్నా, బలమైనవాడి చేతికిచ్చి గుంపులోకి తోయడమే తెలివి. పైగా అప్పట్లో దాడికి వేరే మనుషులు, కాపుకు వేరే మనుషులు లేరు. ఆ పదకొండుమందే రెండూ చేయాలి, బయటికి వెళ్లినవాడు మళ్లీ లోపలికి రావడం అంత తేలిక కాదు. ఎన్నిసార్లంటే అన్నిసార్లు ఆటగాళ్లను మార్చుకునే స్వేచ్ఛ ఎన్ఎఫ్ఎల్‌లో శాశ్వతంగా వచ్చింది 1950లో. నెవర్స్ పరుగెత్తాడు, విసిరాడు, తన్నాడు, కాపు కాశాడు. అంతకు నాలుగు రోజుల ముందే డేటన్ మీద కార్డినల్స్ 19-0తో గెలిస్తే ఆ పందొమ్మిదీ అతనివే. వరుసగా రెండు మ్యాచ్‌లలో జట్టు చేసిన 59 పాయింట్లూ ఒకే మనిషి ఖాతాలో పడ్డాయంటే, గీత దగ్గరికి వచ్చినప్పుడు బంతి ఎవరికివ్వాలన్న ప్రశ్నే ఆ జట్టులో లేదన్నమాట.

మరి అవతలి పక్కన ఉన్నది తక్కువవాళ్లు కాదు. దేశమంతా ఆరాధించిన రెడ్ గ్రేంజ్ బేర్స్ తరఫున ఆడుతున్నాడు. ఆ రోజు బేర్స్‌కు దక్కిన ఒకే ఒక్క టచ్‌డౌన్ అతని తమ్ముడు గార్లండ్ గ్రేంజ్ చేసింది. బేర్స్ కోచ్ జార్జ్ హాలస్. ఈ పేరు మళ్లీ మళ్లీ వస్తుంది.

నెవర్స్ తరువాత 2020 దాకా ఎన్ఎఫ్ఎల్ మ్యాచ్‌లో మొత్తం ఆరు టచ్‌డౌన్లు చేసినవాళ్లు ఇద్దరే. 1951 నవంబర్ 25న క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ ఆటగాడు డబ్ జోన్స్ నాలుగు పరుగెత్తి, రెండు అందుకుని చేశాడు. ప్రత్యర్థి మళ్లీ బేర్స్, కోచ్ మళ్లీ హాలస్. 1965 డిసెంబర్ 12న బేర్స్ కుర్రాడు గేల్ సేయర్స్ శాన్ ఫ్రాన్సిస్కో మీద నాలుగు పరుగెత్తి, ఒకటి అందుకుని, ఒకటి ప్రత్యర్థి తన్నిన బంతిని పట్టి 85 గజాలు తిరిగి పరుగెత్తి చేశాడు. ఈసారి హాలస్ గెలిచిన పక్కన ఉన్నాడు. ఆరు టచ్‌డౌన్ల రోజులు మూడిట్లోనూ మైదానం అంచున కోచ్‌గా నిలబడ్డ మనిషి ఒక్కడే!

ఈ రెండు అంకెల లోపలికి చూస్తే దారి కొంత కనిపిస్తుంది. జోన్స్, సేయర్స్ ఇద్దరూ పరుగులో నాలుగు దగ్గరే ఆగారు. మిగతావి వేరే దారుల్లో వచ్చాయి. 61-20తో ముగిసిన సేయర్స్ మ్యాచ్‌లో గోల్ గీత దగ్గర నుంచి పరుగెత్తి జాన్ ఆర్నెట్ కూడా ఒక టచ్‌డౌన్ చేశాడు. అంటే ఆ బంతి సేయర్స్ చేతికి వెళ్లలేదు.

పరుగులో అయిదు చేసినవాళ్లున్నారు. 1959లో జిమ్ బ్రౌన్, 1963లో కుకీ గిల్‌క్రిస్ట్, 1997లో జేమ్స్ స్టీవర్ట్, 2003లో క్లింటన్ పోర్టిస్. నాకు అన్నిటికన్నా బలమైన ఆధారం అనిపించేది షాన్ అలెగ్జాండర్ 2002లో మిన్నెసోటా మీద ఆడిన ఆట. పరుగులో నాలుగు, అందుకుని ఒకటి, మొత్తం అయిదు టచ్‌డౌన్లు, అవన్నీ మొదటి సగంలోనే! ఇంకా సగం ఆట మిగిలి ఉంది. ఆరోది రాలేదు. కాళ్లలో సత్తువ తగ్గిందనడానికి ఇక్కడ చోటు లేదు. జట్టు చాలా ముందుంది, ఇక గెలుపు కాపాడుకోవాలి, మనిషిని దెబ్బలు తగలకుండా కాపాడుకోవాలి. ముల్తాన్‌లో సచిన్ 194 మీద ఉండగా ద్రవిడ్ ఇన్నింగ్స్ డిక్లేర్ చేసిన 2004 నాటి రోజు గుర్తున్నవారికి ఈ తర్కం కొత్తగా చెప్పక్కర్లేదు. ఆరుకు చేరేంత బాగా ఆడిన రోజున జట్టు ఎలాగూ గెలుస్తుంటుంది. గెలుస్తున్న జట్టుకు ఆ మనిషి ఇంకా మైదానంలో ఉండాల్సిన అవసరం తగ్గిపోతుంది. రికార్డుకు అడ్డం పడేది రికార్డు దగ్గరికి తెచ్చిన ఆ ఆధిక్యమే.

ఈ ఊహ నిజమో కాదో పరీక్షించడానికి కోచ్ లేని చోటు ఒకటి కావాలి. అది వీడియో గేమ్‌లో దొరుకుతుంది. 1991లో వచ్చిన టెక్మో సూపర్ బౌల్‌లో అసలు ఆటగాళ్ల పేర్లే ఉండేవి, వాళ్ల లెక్కలు కూడా సీజన్ పొడవునా గేమ్ దాచిపెట్టేది. అందులో లాస్ ఏంజిలిస్ రైడర్స్ ఆటగాడు బో జాక్సన్‌ను ఆపడం అసాధ్యమని ఆ తరం పిల్లలంతా చెబుతారు. ఒక్కో జట్టుకు ఎనిమిదే ఎత్తులు, నాలుగు పరుగువి, నాలుగు విసిరేవి. అవతలివాడు సరిగ్గా అదే ఎత్తును ఊహిస్తే తప్ప కాపు కుదరదు, కుదిరినా జాక్సన్ తప్పించుకునేవాడు. అసలు మైదానంలో అతను 38 మ్యాచ్‌లు ఆడి పరుగులో చేసిన టచ్‌డౌన్లు మొత్తం 16. 1991 జనవరిలో తుంటికి దెబ్బ తగిలి అతని ఫుట్‌బాల్ ముగిసింది. అదే ఏడాది చివర్లో గేమ్ బయటికొచ్చేసరికి అతను ఆ ఆటకు దూరమైపోయాడు. తెర మీద మాత్రం ఏ పిల్లాడైనా కొన్ని మ్యాచ్‌లలోనే ఆ 16ను దాటించేసేవాడు.

అసలు ఆటలో ఒక్కో క్వార్టర్ 15 నిమిషాలు, టెక్మోలో అయిదే. మూడో వంతు సమయంలో అంకెలు ఎందుకు పెరిగాయి? మీట నొక్కే వేలు ఒకటే, బంతి ఎవరికివ్వాలో నిర్ణయించేదీ ఆ వేలే. దానికి జాక్సన్ తుంటి గురించి చింత లేదు, వచ్చే ఆదివారం మ్యాచ్ గురించి బెంగ లేదు, 42-0 ఆధిక్యం వచ్చిందని జాలి లేదు. తరువాత వచ్చిన మాడెన్ గేముల్లో క్వార్టర్ ఎన్ని నిమిషాలుండాలో కూడా ఆడేవాళ్లే పెట్టుకుంటారు. అక్కడ ఆరు ఒక గోడే కాదు.

కళాశాల ఆట ఈ రెండిటికీ మధ్యలో ఉంటుంది. జట్ల మధ్య తేడా ఎక్కువ, కాబట్టి అంకెలూ పెద్దవి. 1951లో మిసిసిపీ ఆటగాడు షోబోట్ బాయ్‌కిన్ ఏడు చేశాడు. 1990 సెప్టెంబర్ 22న ఇల్లినాయ్ ఆటగాడు హోవర్డ్ గ్రిఫిత్, కింది అంచెలో ఆడే సదరన్ ఇల్లినాయ్ మీద ఎనిమిది చేశాడు. ఆ ఎనిమిదిని 2020 నవంబర్ 28న బఫలో విశ్వవిద్యాలయానికి ఆడుతూ జారెట్ పాటర్సన్ సమం చేశాడు. తేదీ చూశారా? నెవర్స్ రోజుకు సరిగ్గా 91 ఏళ్లు.

గ్రిఫిత్ తరువాతి జీవితం ఇంకో ఆధారం. ఎన్ఎఫ్ఎల్‌కు వెళ్లి డెన్వర్‌లో రెండు సూపర్ బౌల్స్ (లీగ్ ఫైనల్స్) గెలిచాడు, అయితే బంతితో పరుగెత్తేవాడిగా కాదు. టెరెల్ డేవిస్ పరుగెత్తడానికి ముందు దారి చీల్చేవాడిగా. ఎనిమిది చేసిన మనిషి ఇంకొకరి టచ్‌డౌన్లకు దారి తీశాడు.

పాటర్సన్ రోజు తరువాత నెల తిరగకముందే, 2020 క్రిస్మస్ నాడు, న్యూ ఆర్లియన్స్ సెయింట్స్ ఆటగాడు ఆల్విన్ కమారా నెవర్స్‌ను అందుకున్నాడు. ఒక కాలికి ఎర్ర బూటు, ఇంకో కాలికి ఆకుపచ్చ బూటు. మొదటి టచ్‌డౌన్‌కే 40 గజాలు పరుగెత్తాడు. సెయింట్స్ 52-33తో మిన్నెసోటాను ఓడించింది. ఇప్పుడు ఆ 52ను విప్పండి. ఏడు టచ్‌డౌన్లు, ఏడు అదనపు పాయింట్లు, ఒక ఫీల్డ్ గోల్. ఆ ఏడు టచ్‌డౌన్లూ పరుగులోనే వచ్చాయి. కమారావి ఆరు. ఏడోది గోల్ గీత దగ్గర బంతి అందుకున్న టేసమ్ హిల్‌ది. హిల్ చేసినప్పటికి కమారా ఆరో టచ్‌డౌన్ ఇంకా రాలేదు, అది ఆట చివర్లో వచ్చింది. ఆ ఒక్క బంతి కమారా చేతికి వెళ్లి ఉంటే ఈ రోజు మనం ఏడు గురించి మాట్లాడుకునేవాళ్లం. 91 ఏళ్ల నాటి చిక్కుముడికి ఇంత సూటిగా జవాబిచ్చే మ్యాచ్ ఇంకొకటి లేదు. ఆరు మనిషి కాళ్ల హద్దు కాదు, బంతిని పంచే చేతుల హద్దు.

నెవర్స్‌కు ఆ హద్దు లేదు, నిజమే. కానీ అతని ముందు ఎవరున్నారన్నది కూడా లెక్కలోకి రావాలి. ఆ రోజు కార్డినల్స్ తరఫున ప్రత్యర్థులను అడ్డుకునే ముందు వరుసలో, టాకిల్ స్థానంలో మ్యాచ్ అంతా ఆడినవాడు డ్యూక్ స్లేటర్. 1929 ఎన్ఎఫ్ఎల్‌లో ఉన్న ఒకే ఒక్క నల్లజాతి ఆటగాడు. అయోవాలో చదువుకునే రోజుల్లో శిరస్త్రాణం లేకుండా ఆడేవాడు, తరువాత షికాగోలో న్యాయమూర్తి అయ్యాడు. నెవర్స్ దూరిన సందులు చేసినవాళ్లలో అతను ముందుండేవాడు. అడ్డుకునేవాళ్ల పేర్ల పక్కన టచ్‌డౌన్ అంకెలు పడవు కాబట్టి అతని పేరు ఈ కథలో తరచూ జారిపోతుంది. ఎర్నీ నెవర్స్ ఆరు గురించి ఎవరికైనా చెప్పేటప్పుడు స్లేటర్ పేరు కూడా చెప్పండి. నెవర్స్‌ను ప్రో ఫుట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి 1963లో, మొదటి బృందంలోనే తీసుకున్నారు. 1966లో కన్నుమూసిన స్లేటర్‌కు ఆ గౌరవం 2020లో, కమారా ఆరు చేసిన ఏడాదే దక్కింది.