ముప్పై నిండకుండానే ముదుసలి... తెలుగు తెరపై ‘పెద్దరికం’ గుమ్మడి

వెండితెరపై కథానాయకులకు తండ్రిగా, అన్నగా, మహారాజుగా, మహామంత్రిగా కనిపించిన గుమ్మడి వెంకటేశ్వరరావు నిజ జీవితంలో వారిలో పలువురికంటే వయసులో చిన్నవారు. యౌవనంలోనే నెరిసిన జుత్తును అలంకారంగా స్వీకరించి, ఐదు దశాబ్దాలకు పైగా సహాయ పాత్రలకే అంకితమైన ఈ నటుడు 500కు పైగా చిత్రాల్లో నటించారు.

తెనాలి గడ్డపై తొలి అడుగులు

ఆంధ్రా ప్యారిస్‌గా పేరొందిన తెనాలికి సమీపంలోని రావికంపాడు గుమ్మడి స్వగ్రామం. అప్పటి గుంటూరు జిల్లాలోని ఈ పల్లెలో 1927 జులై 9న రైతు కుటుంబంలో జన్మించారు. నాటకాలకు పెట్టింది పేరైన ప్రాంతం కావడంతో చిన్ననాటనే రంగస్థలంపై మక్కువ పెరిగింది. విద్యార్థి దశలోనే ‘పేదరైతు’ నాటకంలో వృద్ధుడి పాత్ర ధరించారు. ముఖానికి ముడతలు దిద్దుకుని మొదలైన ఆ ప్రస్థానం చివరి వరకూ అదే దారిలో సాగడం విశేషం. ప్రముఖ రంగస్థల నటుడు మాధవపెద్ది వెంకట్రామయ్య వద్ద నటనలో మెళకువలు నేర్చుకున్నారు. అనంతరం మద్రాసు చేరి, 1950లో విడుదలైన ‘అదృష్టదీపుడు’తో చిత్రరంగ ప్రవేశం చేశారు.

మలుపు తిప్పిన ‘అర్ధాంగి’

తొలినాళ్లలో చిన్న వేషాలతో సరిపెట్టుకున్న గుమ్మడికి ఎన్.టి.రామారావు నిర్మించిన ‘తోడు దొంగలు’(1954) గుర్తింపు తెచ్చింది. మరుసటి ఏడాది పి.పుల్లయ్య దర్శకత్వంలో వచ్చిన ‘అర్ధాంగి’ ఆయన నట జీవితాన్ని మలుపు తిప్పింది. అందులో జమీందారుగా నటించే నాటికి ఆయనకు ముప్పై ఏళ్లు కూడా నిండలేదు. కుమారుడిగా నటించిన అక్కినేని నాగేశ్వరరావు, భార్యగా నటించిన శాంతకుమారి ఇద్దరూ ఆయనకంటే పెద్దవారే. అయినా ఆ ఎడం ప్రేక్షకులకు కనబడలేదు. ఫలితంగా అవకాశాలు వెల్లువెత్తాయి. నాయకుడయ్యే దారి మాత్రం దాదాపు మూసుకుపోయింది. గుమ్మడి దానిని లోటుగా భావించక, వృద్ధ పాత్రలనే తన సామ్రాజ్యంగా మలచుకున్నారు.

‘మాయాబజార్’(1957)లోనూ ఇదే తీరు. శ్రీకృష్ణుడి పాత్రధారి ఎన్.టి.రామారావు ఆయనకంటే నాలుగేళ్లు పెద్ద. తెరపై మాత్రం గుమ్మడి అన్నగారైన బలరాముడు. మాట ఇచ్చి, భార్య ఒత్తిడికి, శకుని మాయోపాయానికి లొంగి ఆ మాట తప్పే పెద్దమనిషిని ఆయన గాంభీర్యం తగ్గకుండానే పండించారు.

అప్పాజీగా అజరామరం

గుమ్మడి పేరు చెప్పగానే గుర్తుకువచ్చేది ‘మహామంత్రి తిమ్మరుసు’(1962). కమలాకర కామేశ్వరరావు దర్శకత్వం వహించిన ఈ చిత్రంలో శ్రీకృష్ణదేవరాయలుగా ఎన్.టి.రామారావు నటించగా, చిత్రానికి పేరు మాత్రం మంత్రిదే. కన్నబిడ్డలా పెంచి పట్టం కట్టిన రాజు చేతిలోనే, చేయని నేరానికి కళ్లు కోల్పోయే అప్పాజీగా గుమ్మడి ప్రేక్షకుల చేత కంటతడి పెట్టించారు. అప్పటికి ఆయన వయసు 35 ఏళ్లు. జాతీయ పురస్కారాల్లో ఉత్తమ తెలుగు చిత్రంగా ఇది రాష్ట్రపతి రజత పతకం అందుకుంది.

కేకలు వేయకుండా, పదం పదం విడదీసి మెత్తగా పలకడం ఆయన శైలి. ఎదుటివారు మాట్లాడుతున్నప్పుడు వినే తీరులోనూ నటన ఉండేది. ఆ సాత్వికత కేవలం మంచివారికే పరిమితం కాదని ‘లక్షాధికారి’(1963)లోని ప్రతినాయక పాత్రతో నిరూపించారు. ‘కన్యాశుల్కం’లో సౌజన్యారావు పంతులుగా, ‘పాండవ వనవాసం’లో ధర్మరాజుగా, బాపు ‘సంపూర్ణ రామాయణం’లో దశరథుడిగా మెప్పించారు. నాగయ్య 1973లో, ఎస్.వి.రంగారావు 1974లో కన్నుమూసిన తరువాత తెలుగు తెరపై పెద్దదిక్కు పాత్రలకు ఆయనే ప్రధాన ఆధారమయ్యారు.

వరించిన పురస్కారాలు

కేంద్ర ప్రభుత్వం 1977లో పద్మశ్రీతో గౌరవించగా, రాష్ట్ర ప్రభుత్వం 1998 సంవత్సరానికి రఘుపతి వెంకయ్య పురస్కారం ప్రకటించింది. తన అనుభవాలను ఆయన ‘తీపి గుర్తులు-చేదు జ్ఞాపకాలు’ పేరిట గ్రంథస్థం చేశారు. తన నటనకు ప్రాణమైన గొంతు మలి వయసులో దెబ్బతినడం ఆయనకు ఎదురైన పెద్ద పరీక్ష. ఏళ్ల తరబడి వృద్ధుడిగా నటించిన వ్యక్తికి నిజమైన వృద్ధాప్యంలో వేషాలు అరుదయ్యాయి.

రంగులద్దిన ‘మాయాబజార్’ ప్రత్యేక ప్రదర్శనను తిలకించడమే ప్రజల మధ్య ఆయన చివరిసారి కనిపించిన సందర్భం. నాటి నటీనటుల్లో ఆ భాగ్యానికి నోచుకున్న అతి కొద్దిమందిలో ఆయనొకరు. ఆ చిత్రం 2010 జనవరి 30న ప్రేక్షకుల ముందుకు రాగా, అంతకు నాలుగు రోజుల ముందే, జనవరి 26న హైదరాబాదులో గుమ్మడి తుదిశ్వాస విడిచారు. అప్పటికి ఆయన వయసు 82 ఏళ్లు. తెరపై ఆయన ఆ వయసును యాభై ఏళ్ల కిందటే చేరుకున్నారు.