ఆయాసం

సంస్కృతంలో ‘ఆయాసం’ అంటే శ్రమ, ప్రయాస. ‘అనాయాసంగా’ అన్నప్పుడు ఆ పాత అర్థమే వినిపిస్తుంది. తెలుగులో ఆ మాట ఊపిరికి అంటుకుంది. పలివెలలోనైనా, పక్కన కొత్తపేటలోనైనా ‘ఆయాసం వచ్చింది’ అంటే ఊపిరాడటం లేదనే. గుండె జబ్బుకీ, రక్తహీనతకీ కూడా ఇదే మాట. కాబట్టే అది ఉబ్బసమేనా అని తేల్చుకోవడానికి డాక్టరు ‘పిల్లికూతలు వస్తున్నాయా?’ అని అడుగుతారు. ఉబ్బసం తిరగబెట్టి ఇన్‌హేలర్‌కి లొంగకపోతే ప్రెడ్నిసొలోన్ అనే స్టెరాయిడ్ రాస్తారు: సాధారణంగా పిల్లలకు 3–5 రోజులు, పెద్దలకు 5–7. శ్వాసనాళాల వాపు తీయడానికి దానికి కనీసం 4 గంటలు పడుతుంది. ఆలోగా ఇన్‌హేలర్ మానకూడదు. స్టెరాయిడ్ పేరు వింటేనే జడిసేవాళ్ళున్నారు, మందులషాపులో అడిగి నెలల తరబడి మింగేవాళ్ళూ ఉన్నారు. రెండోవాళ్ళ గురించే నా బెంగ: ఎముకలు గుల్లబారతాయి, షుగర్ పెరుగుతుంది.