సస్పెన్షన్‌లో ఉన్న బడి ఉద్యోగి విచారణ హక్కు

ఆరోపణ వచ్చిందని విధులకు దూరంగా పెట్టిన ఉపాధ్యాయుడు గానీ బోధనేతర ఉద్యోగి గానీ, శిక్ష పడేలోగా తన మీది అభియోగం ఏమిటో రాతలో తెలుసుకుని, సాక్షులను ప్రశ్నించి, తన మాట చెప్పుకునే హక్కు ఇది. శ్రీ సత్యసాయి జిల్లా నల్లమాడ మండలంలోని ప్రభుత్వ బడిపంతులుకు ఇందుకు ముఖ్యమైన ఆధారం 1991 నాటి ఆంధ్రప్రదేశ్ సివిల్ సర్వీసుల (వర్గీకరణ, నియంత్రణ, అప్పీలు) నియమాలు. ఉద్యోగులు వీటిని సీసీఏ రూల్స్ అంటారు. వాటి వెనుక రాజ్యాంగంలోని 311వ అధికరణం ఉంది.

8వ నియమం కింద ఇచ్చే సస్పెన్షన్ చట్టం లెక్కలో శిక్ష కాదు. కాబట్టి ఆ ఉత్తర్వుకు ముందు సంజాయిషీ అడగనక్కర్లేదు. 48 గంటలకు మించి కస్టడీలో ఉంటే సస్పెండైనట్టే లెక్క. ఇది శిక్ష కాదన్న తేడా చట్టానికి తెలుసు గానీ ఊరికి తెలియదు. పంతులు బడి మానేసి ఇంట్లో కూర్చున్నాడంటే తీర్పు అయిపోయినట్టే.

అసలు హక్కు మొదలయ్యేది చార్జ్ మెమోతో. కఠిన శిక్ష వేయాలంటే 20వ నియమం ప్రకారం విచారణ జరపాలి: అభియోగాలు, వాటికి ఆధారమైన పత్రాలు, సాక్షుల జాబితా ఉద్యోగికి అందాలి. తోటి ఉద్యోగిని సాయంగా తెచ్చుకోవచ్చు. విచారణ అధికారి నివేదిక ప్రతిని కూడా శిక్షకు ముందే ఇవ్వాలని 1993లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది. హైదరాబాదు ఈసీఐఎల్ ఉద్యోగి బి.కరుణాకర్ కేసు అది. అయితే నివేదిక ఇవ్వనంత మాత్రాన ఉద్యోగం తిరిగి రాదు, దానివల్ల నష్టం జరిగిందని చూపాలి.

ఈ హక్కుకు ప్రాణం మాత్రం జీవనభృతిలో ఉంది. ఫండమెంటల్ రూల్ 53 ప్రకారం, సస్పెన్షన్‌లో మొదట అర్ధవేతన సెలవు జీతంతో సమానమైన మొత్తం, దానికి తగ్గ కరువు భత్యం వస్తాయి. వేరే పని చేయడం లేదని ధ్రువపత్రం ఇస్తూ ఉండాలి. అనుమతి లేకుండా హెడ్‌క్వార్టర్స్ వదలకూడదు. వానమీద ఆధారపడ్డ వేరుశనగ పండే నల్లమాడ వంటి చోట జీతం సగమైతే ఆదుకునే చేను అందరికీ ఉండదు. భృతీ ఆగితే విచారణకు వెళ్ళే చార్జీలకే తడుముకోవాలి. ఇది ఊహ కాదు. పక్క రాష్ట్రంలో, కోలారు బంగారు గనుల్లో భద్రతాధికారి ఎం.పాల్ ఆంథోనీకి సరిగ్గా ఇదే జరిగింది. 1985లో ఆయన సస్పెండయ్యాడు. భృతి అందక, కేరళ నుంచి విచారణకు రాలేకపోయాడు. ఆయన లేకుండానే విచారణ ముగించి తొలగించారు. అదే ఆరోపణ మీద సాగిన క్రిమినల్ కేసులో నిర్దోషిగా బయటపడ్డాడు. 1999లో సుప్రీంకోర్టు ఆ తొలగింపును కొట్టేసింది: భృతి ఇవ్వకపోవడంతో విచారణే చెడిందని.

ప్రైవేటు బడులకు 1982 నాటి రాష్ట్ర విద్యా చట్టం 79వ సెక్షన్ ఉంది. ప్రభుత్వ ఉద్యోగి కంటే ఇక్కడి ఉద్యోగికే గడువు పదునుగా ఉండడం విచిత్రం. తీవ్రమైన దుష్ప్రవర్తనపై విచారణ తలపెట్టినప్పుడే సస్పెండ్ చేయాలి, అదీ రెండు నెలలే. జాప్యానికి ఉద్యోగే కారణమైతే మరో రెండు నెలలు పొడిగించవచ్చు. ప్రభుత్వ సర్వీసులో అజయ్ కుమార్ చౌదరి కేసు (2015) మూడు నెలల్లో చార్జ్ మెమో ఇవ్వకపోతే సస్పెన్షన్ సాగకూడదంది. అయినా సస్పెన్షన్లు సాగుతూనే ఉంటాయి.

శిక్షకు ముందు ఉద్యోగి మాట వినాలన్న సూత్రం అమెరికాలో ఒక బడి కాపలాదారు కేసుతో స్థిరపడింది. క్లీవ్‌లాండ్ విద్యా బోర్డు పాత శిక్షను దాచాడని లౌడర్‌మిల్‌ను తొలగిస్తే, తీసేసే ముందు అతని మాట వినాల్సిందని 1985లో అక్కడి సుప్రీంకోర్టు చెప్పింది.

నిర్దోషిగా తేలినవాడి సస్పెన్షన్ కాలాన్ని ఎలా లెక్కగట్టాలో ఫండమెంటల్ రూల్ 54-బి చెబుతుంది. సస్పెన్షన్ పూర్తిగా అన్యాయమని అధికారి భావిస్తే ఆ కాలమంతా డ్యూటీగా లెక్కించి, అప్పటికే ఇచ్చిన భృతి మినహాయించి, మిగతా జీతం చెల్లిస్తారు.