గో-కార్ట్

గో-కార్ట్ అనేది ఉక్కు గొట్టముల చట్రము, నాలుగు చిన్న చక్రములు, ఒక చిన్న ఇంజను గల తేలికపాటి వాహనము. దీనిని క్లుప్తముగా కార్ట్ అని, వీటితో ఆడే క్రీడను కార్టింగ్ అని అంటారు. ఇందులో పెట్రోలుతోను, విద్యుత్తుతోను నడిచే రకములు ఉన్నాయి. పెట్రోలు కార్టు నిర్మాణము, నడుపు విధానము, సంరక్షణ ఈ వ్యాసములో వివరించబడినవి. అనంతపురం జిల్లాలోని పామిడి వంటి మెట్ట ప్రాంతములలో దుమ్ము, ఎండ వలన తీసుకోవలసిన ప్రత్యేక జాగ్రత్తలు కూడా ఇందులో ఉన్నాయి.

చరిత్ర

మొదటి కార్టును 1956లో అమెరికాలోని కాలిఫోర్నియా రాష్ట్రములో ఆర్ట్ ఇంగెల్స్ తయారు చేశాడు. ఇతడు పందెపు కార్లను నిర్మించే కర్టిస్ క్రాఫ్ట్ సంస్థలో పనిచేసేవాడు. గడ్డి కోసే యంత్రములకు వాడే రెండు స్ట్రోకుల ఇంజనును ఇతడు గొట్టముల చట్రమునకు అమర్చాడు. చెక్క కోసే రంపముల ఇంజన్లకు పేరొందిన మెక్‌కల్లక్ సంస్థ 1959లో కార్టుల కొరకు ఎం.సి.-10 అనే ఇంజనును విడుదల చేసింది. 1962లో అంతర్జాతీయ ఆటోమొబైల్ సమాఖ్య ఈ క్రీడ కొరకు ప్రత్యేక కమిషన్‌ను ఏర్పరచింది. ఫార్ములా వన్ విజేతలైన ఐర్టన్ సెన్నా, మైకేల్ షూమాకర్ బాల్యములో కార్టులతోనే పందెములు మొదలుపెట్టారు.

నిర్మాణము

కార్టుకు స్ప్రింగులు గాని, షాక్ అబ్జార్బర్లు గాని ఉండవు. చట్రపు గొట్టములు కొద్దిగా వంగుతూ ఆ పనిని చేస్తాయి. వెనుక చక్రములు రెండూ ఒకే ఇరుసుకు బిగించి ఉంటాయి. కారులో ఉండే డిఫరెన్షియల్ ఇందులో ఉండదు కనుక ఆ రెండు చక్రములు ఎల్లప్పుడూ ఒకే వేగముతో తిరుగుతాయి. మలుపులో బయటి చక్రము ఎక్కువ దూరము పోవాలి. కాబట్టి లోపలి వెనుక చక్రము కొంచెము పైకి లేచినప్పుడే కార్టు సాఫీగా తిరుగుతుంది.

అద్దె కార్టులలోను, విద్యార్థులు తయారు చేసే కార్టులలోను నాలుగు స్ట్రోకుల ఒంటి సిలిండరు ఇంజన్లు ఎక్కువగా కనిపిస్తాయి. ఉదాహరణకు హోండా సంస్థ వారి జి.ఎక్స్.160 ఇంజను పరిమాణము 163 ఘన సెంటీమీటర్లు. దీనిలో సుమారు 0.6 లీటరు ఇంజను ఆయిలు పడుతుంది. పొలములలో వాడే చిన్న పెట్రోలు నీటి పంపుల ఇంజన్లు, చిన్న జనరేటర్ల ఇంజన్లు కూడా ఈ కోవకు చెందినవే. అందువలన వాటిని బాగు చేయు మెకానిక్కులకు కార్టు ఇంజను కొత్త కాదు.

ఇంజను శక్తి క్లచ్చు ద్వారా, గొలుసు ద్వారా వెనుక ఇరుసుకు చేరుతుంది. ఇంజను నెమ్మదిగా తిరుగునప్పుడు క్లచ్చు పట్టుకోదు. వేగము పెరిగినప్పుడు క్లచ్చులోని బరువులు బయటకు జరిగి దాని గిన్నెను పట్టుకుంటాయి. అందుచేత నడిపేవారు గేర్లు మార్చవలసిన పని లేదు.

నడుపు విధానము

* బండి ఎక్కే ముందు ఆయిలు మట్టము, గొలుసు బిగువు, బ్రేకు, టైర్లలో గాలి, చక్రముల నట్లు పరిశీలించాలి. ఏక్సిలరేటరు పెడలును వదలగానే అది తనంతట తాను వెనుకకు రావాలి.
* చల్లగా ఉన్న ఇంజనుకు చోక్ వేసి, తాడు లాగి స్టార్టు చేయాలి. ఇంజను వేడెక్కిన తరువాత చోక్ తీసివేయాలి.
* కుడి పాదముతో ఏక్సిలరేటరును, ఎడమ పాదముతో బ్రేకును నొక్కాలి. రెండింటినీ ఒకేసారి నొక్కితే క్లచ్చు కాలిపోతుంది.
* చాలా కార్టులలో బ్రేకు వెనుక ఇరుసుకు మాత్రమే ఉంటుంది. మలుపులో గట్టిగా బ్రేకు వేస్తే వెనుక భాగము జారి బండి గిర్రున తిరుగుతుంది. కాబట్టి మలుపునకు ముందే, బండి తిన్నగా ఉన్నప్పుడే వేగము తగ్గించాలి.
* ఇంజనును ఆపు స్విచ్ ఎక్కడ ఉన్నదో బయలుదేరక ముందే తెలుసుకోవాలి.
* మూసి ఉన్న గదిలో ఇంజనును నడపరాదు. పొగలోని కార్బన్ మోనాక్సైడు ప్రాణాంతకము.

సంరక్షణ

చిన్న ఇంజన్ల సంరక్షణను కిలోమీటర్లలో కాక, ఇంజను నడిచిన గంటలలో లెక్కిస్తారు. ఇందుకు ఒక పుస్తకములో గంటలు వ్రాసుకొనుట మంచిది. నాలుగు స్ట్రోకుల ఇంజన్లకు సాధారణముగా పాటించే కాలవ్యవధులు ఇవి:

* ఆయిలు: కొత్త ఇంజనులో మొదటి 20 గంటల తరువాత, ఆపై ప్రతి 100 గంటలకు లేదా 6 నెలలకు మార్చాలి. ఇంజను వేడిగా ఉన్నప్పుడు పాత ఆయిలు పూర్తిగా దిగుతుంది.
* గాలి ఫిల్టరు: ప్రతిసారి చూడాలి. ప్రతి 50 గంటలకు శుభ్రము చేయాలి.
* స్పార్కు ప్లగ్గు: 100 గంటలకు శుభ్రము చేయాలి. దాని సందు 0.7 నుండి 0.8 మిల్లీమీటర్లు ఉండాలి.
* గొలుసు: నడుమ వేలితో నొక్కితే సుమారు ఒక సెంటీమీటరు కదలాలి. వదులైతే ఊడిపోతుంది, మరీ బిగిస్తే గొలుసు, బేరింగులు త్వరగా అరుగుతాయి. రెండు పళ్ళచక్రములు ఒకే వరుసలో ఉండాలి.
* నట్లు, బోల్టులు: అదురుడు వలన వదులవుతాయి కనుక ప్రతిసారి బిగువు చూడాలి. వెల్డింగు చేసిన చోట్ల పగుళ్ళు ఉన్నవేమో పరిశీలించాలి.

రెండు స్ట్రోకుల ఇంజనులో ఆయిలును పెట్రోలులోనే కలపాలి. ఈ పాళ్ళు తయారీదారు చెప్పినట్లే ఉండాలి. ఆయిలు తక్కువైతే పిస్టను సిలిండరులో పట్టివేస్తుంది.

పొగ రంగును బట్టి కొన్ని లోపములను గుర్తించవచ్చును. నల్లని పొగ వస్తే గాలి చాలక పెట్రోలు ఎక్కువగా మండుచున్నదని అర్థము. దీనికి తరచుగా కారణము ఫిల్టరు మూసుకుపోవుట. నాలుగు స్ట్రోకుల ఇంజను నుండి నీలి పొగ వస్తే ఆయిలు మండుచున్నదని, పిస్టను రింగులు అరిగి ఉండవచ్చునని గ్రహించాలి.

మెట్ట ప్రాంతములలో జాగ్రత్తలు

పామిడి పట్టణము పెన్నా నది ఒడ్డున, 44వ నెంబరు జాతీయ రహదారిపై గుత్తి, అనంతపురం పట్టణముల మధ్య ఉన్నది. అనంతపురం జిల్లా పశ్చిమ కనుమల వర్షచ్ఛాయా ప్రాంతములో ఉండుటచే ఇక్కడి సగటు వార్షిక వర్షపాతము సుమారు 550 మిల్లీమీటర్లు మాత్రమే. వేసవిలో ఉష్ణోగ్రత 40 డిగ్రీలు దాటుతుంది. ఆషాఢ మాసములో వీచే బలమైన పడమటి గాలి ఎండిన నేలల నుండి, నదిలోని ఇసుక మేటల నుండి దుమ్మును లేపుతుంది. కార్టు ఇంజను నేలకు జానెడు ఎత్తులోనే ఉండుట వలన ముందు బండి లేపిన దుమ్ము కూడా నేరుగా దానిపై పడుతుంది.

ఫిల్టరును దాటి లోపలికి పోయిన సన్నని దుమ్ము ఆయిలుతో కలిసి గరుకు కాగితము వలె సిలిండరును, రింగులను అరగదీస్తుంది. కొన్ని వందల గంటలు నడవవలసిన ఇంజను ఈ విధముగా చాలా ముందే పాడవుతుంది. కాబట్టి ఇటువంటి చోట 50 గంటలు ఆగక, దుమ్ములో నడిపిన ప్రతిరోజు ఫిల్టరును శుభ్రము చేయాలి. స్పాంజి ఫిల్టరును సబ్బు నీటితో కడిగి, నీడలో ఆరబెట్టి, ఇంజను ఆయిలులో ముంచి, గట్టిగా పిండి అమర్చాలి. దానిని పెట్రోలుతో కడుగరాదు. కాగితపు ఫిల్టరును మెల్లగా తట్టి దులపాలి గాని తడపరాదు. ఫిల్టరు లేకుండా ఇంజనును ఒక్క నిమిషము కూడా నడపరాదు.

ఈ ఇంజన్లు గాలితో చల్లబడతాయి. సిలిండరు చుట్టూ ఉన్న రెక్కల మధ్య దుమ్ము, గడ్డి పేరుకొన్నచో వేడి బయటకు పోదు. కావున వాటిని కుంచెతో తరచుగా శుభ్రము చేయాలి. ఆయిలు పూసిన గొలుసుకు ఇసుక అంటుకుంటుంది. అందువలన గొలుసును తుడిచిన తరువాతనే పలుచగా ఆయిలు వేసి, మిగిలిన దానిని తుడిచివేయాలి. ఎండలో టైర్ల గాలి వ్యాకోచించును గనుక గాలిని ఉదయము చల్లని వేళ కొలిచి సరిచూడాలి. వేడి ఇంజనుపై పెట్రోలు ఒలికితే మంటలు లేస్తాయి. ఇంజను చల్లారిన తరువాతనే పెట్రోలు పోయాలి.

భారతదేశములో 2025 నాటికి పెట్రోలులో 20 శాతము ఇథనాలు కలుపుట సాధారణమైనది. ఇథనాలు గాలిలోని తేమను పీల్చుకుంటుంది. కార్టును నెల రోజులకు మించి వాడకుండా ఉంచవలసి వస్తే ట్యాంకును, కార్బురేటరును ఖాళీ చేయాలి. లేనిచో కార్బురేటరులోని సన్నని రంధ్రములు పూడిపోతాయి.

ప్రమాదములు

కార్టులో కూర్చున్నవారి వెనుకనే ఇరుసు, గొలుసు వేగముగా తిరుగుతుంటాయి. జుట్టు గాని, చున్నీ గాని వాటిలో చిక్కుకొన్నచో ఇంజనును ఆపు వ్యవధి కూడా ఉండదు. 2018 ఫిబ్రవరిలో హర్యానాలోని పింజోరులో ఒక మహిళ, 2020 అక్టోబరులో హైదరాబాదు శివారులోని గుర్రంగూడలో ఒక ఇంజనీరింగు విద్యార్థిని కార్టు చక్రములో జుట్టు చిక్కుకొని మరణించారు. గొలుసుకు, ఇరుసుకు పూర్తి కప్పు లేని కార్టును నడపరాదు. జుట్టును ముడివేసి తలగుడ్డలో, హెల్మెట్టు లోపల ఉంచి, హెల్మెట్టు పట్టీని గడ్డము కింద బిగించాలి. చున్నీ, కండువా, వదులు దుస్తులు ధరించరాదు. ముఖ్యముగా కళాశాలలలో స్వయముగా కార్టు తయారు చేసే విద్యార్థులు ఇంజను స్టార్టు చేయుటకు ముందే ఈ కప్పును బిగించాలి.

చట్టము

1988 నాటి మోటారు వాహనముల చట్టము ప్రకారము రిజిస్ట్రేషను లేని మోటారు వాహనమును బహిరంగ ప్రదేశములలో నడపరాదు. సాధారణ కార్టులకు రిజిస్ట్రేషను ఉండదు కనుక వాటిని రహదారులపై నడుపుట నేరము. కార్టు ఎత్తు చాలా తక్కువ కావడముతో లారీ డ్రైవర్లకు అది కనిపించదు. కాబట్టి కార్టును ప్రత్యేకముగా నిర్మించిన ట్రాకుపై గాని, చుట్టూ కంచె గల సొంత స్థలములో గాని మాత్రమే నడపాలి.