మశూచి నిర్మూలనకు తొలి ప్రతిపాదన

1958వ సంవత్సరమున అమెరికాలోని మినియాపోలిస్ నగరమందు ప్రపంచ ఆరోగ్య సభ జరిగినది. కొన్నేండ్లు ఆ సంస్థకు దూరముగా నుండిన సోవియట్ యూనియన్ అప్పుడే తిరిగివచ్చినది. ఆ దేశపు ఆరోగ్య ఉపమంత్రి లేచి, మశూచిని భూమండలమంతటా రూపుమాపవలెనని ప్రతిపాదించినారు. ఆయన పేరు విక్టర్ జ్దానోవ్. టీకాను కనుగొన్న జెన్నరుకు 1806లో అమెరికా అధ్యక్షుడు జెఫర్సన్ వ్రాసిన లేఖను ఆయన సభకు గుర్తుచేసినారు. ఇట్టి రోగ మొకటి ఉండెడిదని రాబోవు తరములకు చరిత్రవలననే తెలియునని ఆ లేఖ భావము. ఇరుపక్షములు కారాలు మిరియాలు నూరుకొనుచున్న ఆ రోజులలో సోవియట్ మంత్రి నోట జెఫర్సన్ మాట వినవచ్చుట సభికులకు వింతగానే తోచియుండును.

జ్దానోవ్ 1914లో ఉక్రెయిన్‌లో జన్మించినారు. 1936లో ఖార్కోవ్‌లో వైద్యవిద్య ముగించి, తుర్క్‌మేనియా ఎడారి సీమలో సైనిక వైద్యులుగా పనిచేసినారు. అంటు కామెర్లపై పరిశోధనతో పేరు వచ్చినది. అటుపిమ్మట వైరస్ శాస్త్రమే ఆయన వృత్తి. 1955లో ఉపమంత్రి అయినారు.

నిర్మూలన అను మాట అంతకు ముందును వినబడినదే. 1953లో సంస్థ తొలి డైరెక్టరు జనరల్ బ్రాక్ చిషోమ్ సూచించగా సభ్యదేశములు ఒప్పలేదు. మరి జ్దానోవ్ మాట ఎట్లు చెల్లినది? ఆయన వాదములో పరిశోధకుని తర్కమును, పాలకుని లెక్కయును కలిసియున్నవి. మశూచి వైరస్‌కు మనుష్యుడే ఇల్లు. దోమ గాని జంతువు గాని దానికి ఆశ్రయమియ్యదు. రోగి ముఖము చూచినంతనే రోగము తెలియును. ఒకసారి సోకి బ్రతికినవానికి మరల సోకుట అరుదు. వెనుకటి ద్రవరూపపు టీకామందు ఎండకు చెడిపోయెడిది. కొత్తగా వచ్చిన ఎండుమందు ఉష్ణదేశములలోను నిలువగలదు. సోవియట్ దేశము 1936 నాటికే మశూచిని తుడిచివేసినది. కాని పొరుగున రోగమున్నంతకాలము తన ప్రజలకు టీకాలు మానుటకు వీలులేదు. ఏటేట కాపలా కాయుటకంటె మూలమునే పెరుకుట చౌక అని ఆయన లెక్క. రెండున్నర కోట్ల మోతాదుల మందును ఆ దేశము ఇచ్చుటకు పూనుకొన్నది. 1959 చివర భారతదేశమునుండి తిరిగివచ్చిన చిత్రకారు డొకడు మాస్కోకు మశూచిని కొనిపోగా, లక్షలాది జనులకు హడావుడిగా టీకాలు వేయవలసివచ్చినది. ఆయన భయము వట్టిది కాదని దానితో తేలినది.

1959లో సభ నిర్మూలనను ఆమోదించినది గాని చాలినంత ధనమియ్యలేదు. మన దేశములో జాతీయ కార్యక్రమము 1962లో మొదలైనది. సోవియట్ ఎండుమందు పెద్దయెత్తున వచ్చినది. కొంతకాలమునకు హైదరాబాదు, గిండీలలోను అట్టి మందు తయారైనది. పోలేరమ్మకు చల్లని మ్రొక్కులు చెల్లించు పల్లెలకు టీకాల వారు పెట్టెలతో నడిచివెళ్ళినారు. నూటికి ఎనుబదిమందికి టీకాలు వేసిన చాలునన్న తొలి అంచనా మాత్రము కిక్కిరిసిన మన జనసమ్మర్దములో తప్పినది. 1967 తరువాత, డి. ఎ. హెండర్సన్ నాయకత్వమున, రోగిని వెదకిపట్టి చుట్టుప్రక్కల వారికి వెంటనే టీకాలు వేయు పద్ధతి గెలిచినది. 1975 మే నెలతో మన దేశమునకు, 1977లో సోమాలియాలోని చివరి రోగితో లోకమునకు స్వాభావికముగా సోకు మశూచి తప్పినది. 1980 మేలో ప్రపంచ ఆరోగ్య సభ దానిని ప్రకటించినది.

కీర్తి ఎక్కువగా హెండర్సన్‌కు దక్కినది. అది న్యాయమే, కాని సగము న్యాయము. జ్దానోవ్ 1961 నుండి మాస్కోలోని ఇవానోవ్‌స్కీ వైరస్ శాస్త్రసంస్థకు అధిపతిగా ఉన్నారు. ఆ చరిత్రకు మరొక ప్రక్కయు కలదు. సోవియట్ రహస్య జీవాయుధ ప్రయత్నములకు సంబంధించిన శాస్త్రజ్ఞుల మండలికి 1970లలో ఆయనే అధ్యక్షుడని అందు పాల్గొన్న ఒక శాస్త్రజ్ఞుడు తన జ్ఞాపకములలో వ్రాసినాడు. మశూచి వైరస్‌నే ఆయుధముగా మలచిరని అమెరికాకు వలసపోయిన మరొకరు వెల్లడించినారు. అందులో జ్దానోవ్ పాలెంతయో, ఇష్టమెంతయో తూచుటకు మనవద్ద త్రాసు లేదు. ఆయన 1987లో మరణించినారు. లోకమునుండి తరిమిన ఆ వైరస్ నేటికిని రెండుచోట్ల మాత్రమే, అమెరికాలోని అట్లాంటాలోను, సైబీరియాలోని కోల్త్సోవోలోను, ప్రపంచ ఆరోగ్యసంస్థ అనుమతితో శీతలపేటికలలో భద్రముగా ఉన్నది.