ఫిల్ములో మిగిలిన పట్టు

కుస్తీలు మగవాళ్ళ గొడవ, మనకెందుకులే అనుకోకండి. మా తాతగారు పడుచువయసులో తాలింఖానాకు వెళ్ళి కుస్తీ పట్టేవారట. మా నాయనమ్మ చెబుతుంటే వినడమే తప్ప, చూద్దామంటే ఒక్క ఫొటో అయినా లేదు. అందుకే ఫిల్ము కెక్కిన పాత కుస్తీలంటే నాకు అంత ఆసక్తి.

మన దేశంలో చలనచిత్రాలు తీసిన తొలివాళ్ళలో ఒకరు బొంబాయి ఫొటోగ్రాఫరు హరిశ్చంద్ర సఖారాం భట్వడేకర్. ఇంగ్లండు నుంచి కెమెరా తెప్పించుకుని 1899లో ఆయన ఏం తీశారో తెలుసా? హాంగింగ్ గార్డెన్స్‌లో పుండలీక్ దాదా, కృష్ణా నావి అనే ఇద్దరు వస్తాదుల కుస్తీ! ఆ ఫిల్మును కడిగించడానికి లండను పంపవలసి వచ్చింది. అంత శ్రమపడి తీసినది ఇవాళ మనకు దక్కలేదు.

అమెరికాలో మాత్రం ఒకటి దక్కింది. అక్కడ అప్పటికే కుస్తీ టిక్కెట్టు పెట్టి ఆడే వృత్తి. 1920 జనవరి 30న న్యూయార్కు మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో జో స్టెచర్, ఎర్ల్ కాడక్ తలపడ్డారు. స్టెచర్ నెబ్రాస్కా రైతుబిడ్డ, కాళ్ళతో వేసే కత్తెర పట్టుకు పెట్టింది పేరు. 1917లో అతన్ని ఓడించి బిరుదు గెలిచిన కాడక్, తరువాత సైన్యంలో చేరి ఫ్రాన్సు వెళ్ళివచ్చాడు. రెండు గంటలు దాటిన పెనుగులాటలో స్టెచర్ తన బిరుదు తాను తిరిగి పుచ్చుకున్నాడు.

ఆ మూకీ ఫిల్ములో మిగిలింది కొంతభాగమే. అందులో ఎగిరి దూకడాలు, కేకలు వేయించే విన్యాసాలు లేవు. చాలాసేపు నేలమీదే ఒకరినొకరు బిగించి పట్టుకుని, సందు దొరికేదాకా కాచుకోవడమే! ఆ తరువాతి ఏళ్ళలో ఎడ్ లూయీస్, బిల్లీ శాండో, టూట్స్ మాండ్ట్ కలిసి, జనం విసుక్కోకుండా ఆటకు వేగమూ ఆర్భాటమూ తెచ్చిపెట్టారు. గెలుపోటములు ముందే కుదుర్చుకుంటారన్న మాట ఆ వృత్తిలో ఎప్పటినుంచో ఉన్నదే. దాని సంగతి ఫిల్ము చెప్పదు. కాని ఆ ఒళ్ళు పడిన శ్రమ మాత్రం అబద్ధం కాదు కదా!

స్టెచర్ తరువాత ఎన్నో ఏళ్ళు ఆసుపత్రిలోనే మానసిక రోగిగా గడిపి, 1974లో కన్నుమూశాడు. ఫిల్ములో మాత్రం ఇప్పటికీ ఎవరికీ లొంగని పడుచువాడే.

మీ ట్రంకుపెట్టె అడుగున పాత ఫొటోలుంటే చెమ్మ తగలనివ్వకండి, తల్లీ. వెనక పేరూ ఊరూ రాసి ఉంచండి. మా నాయనమ్మ పోయాక తాతగారి కుస్తీల గురించి చెప్పేవాళ్ళే లేకపోయారు.