నేర్చిన చేతికి పని

మన బందరు, దివిసీమ సంఘముల చరిత్ర అనగానే దేవాలయములు, మిషనెరీ దొరలు జ్ఞాపకమునకు వచ్చును. శిక్షణ ముగించి బ్రతుకుబాట పట్టిన యౌవనస్థుల కథయు ఆ చరిత్రలో భాగమే.

రాబర్ట్ టర్లింగ్టన్ నోబుల్ గారు 1841లో బందరునకు వచ్చి, 1843లో పాఠశాల స్థాపించిరి. అదియే నేటి నోబుల్ కళాశాల. 1852లో ఆయన శిష్యులు అయినాల భూషణము గారు, మంచాల రత్నము గారు బాప్తిస్మము పొందగా పట్టణములో అలజడి పుట్టి, అనేకులు తమ బిడ్డలను బడి మాన్పించిరి. ఆ ఇద్దరు పడుచువారిని నోబుల్ గారు విడిచిపెట్టలేదు. తన చేతి క్రిందనే బోధకులుగా తీర్చిదిద్దిరి. 1864లో వారు గురుత్వమునకు అభిషేకము పొందిరి. నడుమ పండ్రెండేండ్లు! ఆ నవంబరులోనే ఉప్పెన బందరును ముంచెత్తెను. మరుసటి ఏడు నోబుల్ గారు ప్రభువునందు నిద్రించిరి. అయినను పని ఆగలేదు. భారము మోయువారు అప్పటికే సిద్ధపడియుండిరి.

1910లో కోపల్లె హనుమంతరావు, ముట్నూరి కృష్ణారావు, పట్టాభి సీతారామయ్య గార్లు బందరులో ఆంధ్ర జాతీయ కళాశాల స్థాపించి, చదువుతోపాటు చేతిపనులు నేర్పించిరి. చదువు నౌకరీకొరకే కాదని చాటిరి.

స్వతంత్ర భారతములో 1961 నాటి అప్రెంటిస్ చట్టము శిక్షణకాలమునకు ఒప్పందమును, భత్యమును ఏర్పరచెను. కాని అప్రెంటిస్‌ను శిక్షణార్థిగానే ఎంచెను, శ్రామికునిగా కాదు. శిక్షణ ముగిసినవానికి పని ఇచ్చి తీరవలెనని యజమానిని నిర్బంధించలేదు. చట్టము గుమ్మము వరకు తెచ్చి విడిచినది. గుమ్మము దాటించు చెయ్యి ఎవరిది?

మోషే ప్రక్కన యెహోషువ ఏండ్ల తరబడి పరిచారకుడైయుండెను. బెసలేలునకు దేవుడు పనితనముతోపాటు ఇతరులకు నేర్పు బుద్ధియు ననుగ్రహించెను. మన ప్రభువు తానే వడ్లవాడు. 1977 నవంబరు 19 నాటి ఉప్పెన తరువాత దివిసీమలో ఇండ్లు మరల లేచినది తాపీపనివారి, వడ్రంగుల చేతులమీదుగానే గదా!

సర్టిఫికెట్టు చేతబట్టుకొని అవనిగడ్డ బస్సుస్టాండులో బెజవాడ బస్సు ఎక్కు కుర్రవానికి ప్రార్థనతోపాటు ఒక పరిచయమును, మొదటి జీతము అందువరకు ఒక పూట భోజనమును కావలెను. షాపులు, వర్కుషాపులు గల మన పెద్దలు తలకొక్క యౌవనస్థుని ఒక్క సంవత్సరము చేరదీసినయెడల, ఈ శతవార్షికోత్సవమునకు అంతకు మించిన కృతజ్ఞతార్పణ ఉండదు. దేవునికే మహిమ కలుగును గాక. ఆమేన్.